ఏలుకొనుట అన్న మాట వెనుక

భర్త భార్యను కాపురానికి తీసుకొనిపోయి తనతో వుంచుకోవడాన్ని మన భాషలో ‘ఏలుకొనుట’ అంటారు. రాజు రాజ్యాన్ని ఏలుతాడు, మగడు ఆలిని ఏలుకుంటాడు. ‘అల్లుడు మా పిల్లను ఏలుకోవడం లేదు’ అని వెనకటి తరంలో ఒక తండ్రి పెద్దమనుషుల ముందు చేతులు కట్టుకొని చెప్పుకున్నాడంటే, తన కూతురిని ఎవరో ఒకరు ఏలకపోతే ఆమెకు వేరే గతి లేదని అతడు నమ్మాడన్నమాట. పెళ్ళినాటి ‘అప్పగింతలు’ కూడా అటువంటి మాటే. మా తాతగారు, మా నాన్నగారు బడిపంతుళ్ళు. నేను మూడవ తరం. బదిలీ అయినప్పుడల్లా పాత హెడ్మాస్టరుగారు క్రొత్తవారికి హాజరు పట్టీలు, బీరువా తాళాలు, గ్లోబు, గోడపటాలు లెక్కచూపి అప్పగించి సంతకం తీసుకోవడం చిన్ననాటినుంచీ చూసినదాన్ని. ఆ మాటే పెళ్ళిపందిట్లోనూ వినబడితే, పెళ్ళికూతురు చేతిలో బీరువా తాళాలేవని వెతుక్కొనేదాన్ని.

మాటలు పాతవి గనుక వాటిని పట్టుకొని తగవులాడడం నా ఉద్దేశం కాదు. అయితే ఆ మాటలలోని భావమే చట్టమై, కోర్టు డిక్రీ అయి, మన ఇళ్ళలోకి వచ్చిన కథ ఒకటున్నది. దానిని ఎదిరించిన స్త్రీలున్నారు, వారి పక్షాన తీర్పు వ్రాసిన తెలుగు న్యాయమూర్తి ఒకరున్నారు. ఈ సంచికకు ఏదైనా చరిత్ర విషయం వ్రాయమని సంపాదకవర్గంవారు అడిగినప్పుడు, బహుశా కాకతీయుల గురించో రాయలవారి గురించో వ్రాస్తానని అనుకొనివుంటారు. గడప లోపల జరిగినది కూడా చరిత్రేనని నా మనవి.

ఆలుమగలలో ఒకరు విడిపోతే రెండవవారు కోర్టుకు వెళ్ళి, ‘నా దాంపత్యహక్కులు నాకు తిరిగి ఇప్పించండి’ అని దావా వేయడం మన ధర్మశాస్త్రాలలోనిది కాదు. భర్తను అనుసరించి వుండమని స్మృతులు భార్యకు ఎంతైనా బోధించాయి. కాని ఆమెను రాజభటులచేత రప్పించి కాపురం చేయించే వ్యాజ్యం ఒకటి ఏర్పరచలేదు. అది ఇంగ్లండులోని చర్చి న్యాయస్థానాలలో పుట్టిన పద్ధతి. 1867లో లండనులోని ప్రీవీ కౌన్సిల్, ఒక ముస్లిం దంపతుల కేసులో, ఈ దావా ఇండియాలోని సివిల్ కోర్టులలోనూ చెల్లుతుందని చెప్పడంతో దానికి ఇక్కడ వేరు పడింది. డిక్రీని పాటించనివారిని జైలులో పెట్టవచ్చు, వారి ఆస్తిని జప్తు చేయవచ్చు. మన సంప్రదాయమని కొందరు గట్టిగా వెనకేసుకొని వచ్చే ఈ సంగతి నిజానికి ఓడలో వచ్చిన దిగుమతి సరుకు.

ఆ సరుకు ఎట్లాంటిదో దేశానికంతకూ తెలిపిన స్త్రీ బొంబాయికి చెందిన రఖ్మాబాయి. పదకొండవయేట ఆమెకు దాదాజీ భీకాజీతో పెళ్ళి చేసారు. ఆమె తల్లిదగ్గర, మారుతండ్రి డాక్టరు సఖారాం అర్జున్ గారి ఇంట పెరిగి చదువుకున్నది. 1884లో భర్త ఆమెను కాపురానికి పంపించవలసిందని హైకోర్టులో దావా వేసాడు. 1885లో న్యాయమూర్తి పిన్హీ, ఎన్నడూ కాపురమే చేయని చోట దానిని ‘పునరుద్ధరించడం’ ఏమిటని దావా కొట్టివేసాడు. ఆ తీర్పు అప్పీలులో నిలువలేదు. 1887 మార్చిలో న్యాయమూర్తి ఫారన్, నెలలోగా భర్త ఇంటికి వెళ్ళాలి, లేదా ఆరునెలలు జైలుకు వెళ్ళాలని ఉత్తరువు చేసాడు. ఆమె జైలుకే వెళతానన్నది. తనకు ఊహ తెలియని వయసులో జరిగిన పెళ్ళికి తాను సమ్మతి ఇవ్వలేదు గనుక దానికి కట్టుబడనన్నది ఆమె వాదన. ఇరవైరెండేళ్ళ హిందూ స్త్రీ ఆ రోజులలో బాహాటంగా ఈ మాట అనగలగడం నేటికీ నాకు ఆశ్చర్యంగా వుంటుంది. చివరకు 1888లో రెండువేల రూపాయలు పుచ్చుకొని భర్త తన హక్కు వదులుకున్నాడు. ఆమె లండను వెళ్ళి వైద్యం చదివి, 1894లో తిరిగివచ్చి, సూరత్‌లో ఏళ్ళతరబడి డాక్టరుగా పనిచేసింది. 1955లో మరణించింది. ఆ సంవత్సరమే స్వతంత్ర భారతదేశం హిందూ వివాహచట్టం చేసుకొని, ఏ దావా ఆమెను జైలు గుమ్మందాకా తీసుకొనిపోయిందో ఆ దావాను 9వ సెక్షనుగా అందులో వ్రాసుకున్నది! జైలుశిక్షను మాత్రం 1923లోనే తీసివేసారు. ఆస్తి జప్తు మిగిలింది.

ఇక మన గోదావరి ఒడ్డుకు వద్దాము. కందుకూరి వీరేశలింగంగారు రాజమహేంద్రవరంలో మొదటి వితంతు వివాహం 1881వ సంవత్సరం డిసెంబరు 11వ తేదీన జరిపించారన్నది ఇక్కడి మన పిల్లలలో కూడా కొందరికి తెలుసు. అది జరగకపోయివుంటే తరువాతివేవీ జరగవు; దానిని చిన్నచేయడానికి ఎవరికీ హక్కు లేదు. అయినా ఆ పెళ్ళిలో వధువు కూడా బాలికే. ఆమెను వైధవ్యంనుంచి విడిపించినవారున్నారు. నీకేమి కావాలమ్మా అని అడిగే కాలం మాత్రం ఇంకా రాలేదు.

ఆ కాలం ఎట్లా వచ్చిందో చూడాలంటే అదే రాజమహేంద్రవరంలో 1909 జూలై 15న పుట్టిన దుర్గాబాయమ్మగారి సంగతి చూడాలి. ఎనిమిదవయేట మేనరికపు బంధువుతో పెళ్ళి అయింది. ఊహ తెలిసిన తరువాత, ఈ వివాహంలో తాను కాపురం చేయనని ఆమె చెప్పివేసారు. తండ్రిగారు, సోదరుడు ఆమె పక్షాన నిలిచారు. రఖ్మాబాయికి నాలుగేళ్ళు కోర్టులలో పట్టిన పని దుర్గాబాయమ్మగారికి ఇంట్లోనే తీరింది. దీనిలో తేడా ఎక్కడున్నదని నన్ను నేను చాలాసార్లు ప్రశ్నించుకున్నాను. చట్టం ఇద్దరికీ ఒకటే. మారుతండ్రి ఇంట రఖ్మాబాయికి ఆదరణకు లోటు లేదు. అయితే అక్కడ భర్త పట్టు వదలలేదు, ఇక్కడ దావాదాకా పోలేదు. దావా లేకుండా పోవడానికి ఆడపిల్ల ధైర్యం ఒక్కటే చాలదు. పుట్టింటి తలుపు తెరిచివుండాలి, ఆ తలుపులో ఒక పెద్దమనిషి నిలబడివుండాలి. మన కథలలో ఆ పెద్దమనిషికి రావలసినంత పేరు రాలేదు.

ఆ తరువాతి జీవితం అందరూ ఎరిగినదే. బాలికగా వుండగానే హిందీ పాఠశాల నడిపారు. 1923 కాకినాడ కాంగ్రెసు మహాసభలో ఖద్దరు ప్రదర్శన గుమ్మంలో వాలంటీరుగా నిలిచి, టిక్కెట్టు లేదని జవహర్‌లాల్ నెహ్రూగారినే ఆపిన పద్నాలుగేళ్ళ పిల్ల ఆమె. ఉప్పు సత్యాగ్రహంలో జైలుకు వెళ్ళారు. విడిచిన చదువు మళ్ళీ పట్టి లా చదివారు. 1937లో మద్రాసులో ఆంధ్ర మహిళా సభను స్థాపించారు. రాజ్యాంగసభలో సభ్యురాలయ్యారు. 1953లో శ్రీ సి.డి. దేశ్‌ముఖ్ గారిని తన ఇష్టప్రకారం వివాహమాడారు. ఆంధ్ర మహిళా సభలో ఆమె మొదటినుంచీ పట్టుపట్టినది మెట్రిక్ పరీక్షమీద, చేతిపనిమీద అన్నది ఉపాధ్యాయురాలిగా నేను గమనించే విషయం. భర్త విడిచినవారు, వితంతువులు, పెద్దవయసులో అక్షరాలు దిద్దుకోవలసినవారు అక్కడికి వచ్చారు. కాపురం వద్దని చెప్పగలగడం ఎంత అవసరమో, చెప్పిన మరునాడు ఏమి తింటామన్నదానికి జవాబుండడం అంత అవసరమని ఆమెకు తెలుసు.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. 1975 డిసెంబరు 13న తిరుపతిలో ఒక వివాహం జరిగింది. అమ్మాయి అప్పటికి హైస్కూలు చదువుతున్న పదహారేళ్ళ పిల్ల. పెళ్ళి అయిన వెనువెంటనే దంపతులు విడిపోయారు. తరువాత ఆమె సినిమాలలోకి వచ్చి, 1978లో ‘మరో చరిత్ర’తో ఆంధ్రదేశమంతటా పేరు తెచ్చుకున్నది. ఆమే నటి సరిత. అయిదేళ్ళకు పైగా వేరువేరుగా వున్న తరువాత, భర్త కడప సబుకోర్టులో 9వ సెక్షను క్రింద దావా వేసాడు. ఆ కోర్టుకు ఈ కేసు విచారించే అధికారం వున్నదా లేదా అన్న చిన్న ప్రశ్నతో అది హైదరాబాదులోని ఆంధ్రప్రదేశ్ హైకోర్టుకు చేరింది. అక్కడ న్యాయమూర్తి శ్రీ పి.ఎ. చౌదరిగారి ముందుకు వచ్చిన తరువాత అది చిన్న ప్రశ్నగా వుండలేదు.

1983 జూలై 1న చౌదరిగారు ఇచ్చిన తీర్పు 9వ సెక్షను రాజ్యాంగవిరుద్ధమని, అది చెల్లదని ప్రకటించింది. ఆయన తర్కం నాకు అర్థమైనంతలో ఇది. ఇద్దరు కలిసి కాపురం చేయాలని కోర్టు డిక్రీ ఇచ్చిందంటే, పైకి అది ఇల్లు కలిపే మాటలా కనిపించినా, లోపల అర్థం శరీరసంబంధానికి బలవంతపెట్టడమే. తన శరీరాన్ని ఎవరు తాకాలి, తాను బిడ్డను ఎప్పుడు కనాలి అన్న నిర్ణయం ఆ స్త్రీ చేతిలోనుంచి తీసి ప్రభుత్వం చేతిలో పెట్టినట్లవుతుంది. జీవించే హక్కును, వ్యక్తిస్వేచ్ఛను రక్షించే రాజ్యాంగపు 21వ అధికరణం దీనిని ఒప్పదు. మరొకటి: సెక్షను భార్యాభర్తలిద్దరికీ సమానంగానే వ్రాసివున్నది, ఎవరైనా దావా వేయవచ్చు. కాని ఆచరణలో దానిని వాడేది చాలవరకు భర్తలే, దాని బరువు మోసేది భార్యే. గర్భం వచ్చేది ఆమెకు గదా! అసమానులను సమానులుగా చూడడం కూడా అసమానతేనని, 14వ అధికరణం క్రింద కూడా దీనిని త్రోసిపుచ్చారు. ఇంగ్లండు తాను కనిపెట్టిన ఈ దావాను 1970లో చట్టం చేసి తానే రద్దు చేసుకున్న సంగతి కూడా ఆయన ఎత్తిచూపారు. వ్యక్తి ఏకాంతపు హక్కు గురించి అమెరికా సుప్రీం కోర్టు ఇచ్చిన తీర్పులను కూడా ఆధారం చేసుకున్నారు. హైదరాబాదులో కూర్చొని ఆయన అమెరికా తీర్పులు చదివారు. అమెరికాలో కూర్చొన్న మనలో ఆయన తీర్పు చదివినవారు ఎందరు?

ఆ తీర్పు ఎంతోకాలం నిలువలేదు. అదే సంవత్సరం నవంబరులో ఢిల్లీ హైకోర్టు మరొక కేసులో సరిగ్గా వ్యతిరేకంగా చెప్పింది. రాజ్యాంగాన్ని ఇంట్లోకి తేవడమంటే గాజుసామానుల దుకాణంలోకి ఎద్దును తోలడంవంటిదని ఆ న్యాయమూర్తి అభిప్రాయం. 1984 ఆగస్టు 8న సుప్రీం కోర్టు ఢిల్లీ త్రోవనే ఆమోదించి, 9వ సెక్షను వివాహాలు చెడిపోకుండా కాపాడే సాధనమని, అది చెల్లుతుందని తీర్మానించింది. విచిత్రమేమిటంటే, సుప్రీం కోర్టుకు వెళ్ళిన ఆ కేసులో కాపురం కావాలని మొదట దావా వేసినది భార్య సరోజ్ రాణి. భర్త సరేనని ఒప్పుకొని డిక్రీ అయ్యేటట్లు చూసి, ఏడాది గడిచినా కలిసి వుండలేదు గనుక విడాకులు ఇప్పించమన్నాడు. చట్టంలో ఆ వీలు వున్నది. విడాకులు అతనికే దక్కాయి. వివాహాన్ని కాపాడే సాధనం ఆ కేసులోనే వివాహాన్ని ముగించింది. నేను న్యాయశాస్త్రం చదివినదాన్ని కాను. అయినా ఈ రెండు తీర్పులూ ప్రక్కప్రక్కన పెట్టి చదివితే, ఇంటిలోపల ఏమి జరుగుతున్నదో చూసి వ్రాసినది చౌదరిగారేనని నాకు తోస్తుంది. 2017లో సుప్రీం కోర్టు తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం ఏకాంతం మౌలికహక్కేనని ప్రకటించిన తరువాత, 2019లో లా విద్యార్థులు కొందరు 9వ సెక్షనును తిరిగి ప్రశ్నిస్తూ సుప్రీం కోర్టుకు వెళ్ళారు. చౌదరిగారు ముప్ఫయి నాలుగేళ్ళు ముందుగా వచ్చారనుకోవాలి.

ఇక్కడ మగవారికి ఒక మాట. లోబడివుండడం ఆడవారికి పుట్టుకతో వచ్చిన గుణమని అనుకొనేవారు ఇల్లరికపుటల్లుళ్ళ చరిత్ర చూడాలి. నెల్లూరు, రాయలసీమ ప్రాంతాలలో రెడ్లు, కమ్మవారు మొదలైనవారిలో కొడుకులు లేని ఇంట అల్లుడిని తెచ్చిపెట్టుకొని ఆస్తి ఇచ్చే ఆచారాన్ని మద్రాసు హైకోర్టు పంతొమ్మిదవ శతాబ్దంలోనే గుర్తించింది. మామగారి ఇంట, మామగారి పొలంలో, మామగారి మాట ప్రకారం బ్రతకవలసిన ఆ అల్లుడి సంకోచం, నవ్వులాటలు, నోరు మెదపలేకపోవడం మన ఊళ్ళలో ఎవరికి తెలియదు? కోడలికి వుండే లక్షణాలన్నీ అతనికి వస్తాయి. అయితే అతనికి ఒక సదుపాయం వున్నది: దత్తుడిలాగా కాక, ఇల్లరికపుటల్లుడికి కన్నవారి ఇంటి ఆస్తిలో హక్కు పోదు. వెనుకకు వెళ్ళే దారి ఒకటి అతనికి చట్టమే వుంచింది. ఆడపిల్లకు అట్లాంటి దారి చాలాకాలం లేదు. ఆంధ్రప్రదేశ్ శాసనసభ చేసిన సవరణ 1985 సెప్టెంబరు 5నుంచి అమలులోకి వచ్చి, అప్పటికి పెళ్ళికాని కుమార్తెలకు ఉమ్మడి ఆస్తిలో కొడుకుతో సమానంగా వాటా ఇచ్చింది. దేశమంతటికీ ఆ సమానత రావడానికి మరి ఇరవైయేళ్ళు, 2005 సెప్టెంబరు 9దాకా, పట్టింది.

ఆస్తి లేనివారి సంగతి ఏమిటంటే, దానికి నెల్లూరు జిల్లా దూబగుంట జవాబు చెప్పింది. 1990 తరువాత అక్షరాస్యతా ఉద్యమంలో భాగంగా రాత్రిబడులు పెట్టారు. పగలంతా కూలికి పోయి వచ్చిన స్త్రీలు లాంతరు ముందు కూర్చొని చదివిన వాచకంలో ‘సీతమ్మ కథ’ అని ఒక పాఠం వుండేది. సారా త్రాగే భర్తలవల్ల తమ ఊరు ఏమైందో, సీతమ్మ ఊరివారు దానికి ఏమి చేసారో ఆ పాఠంలోని విషయం. పాఠం అయిన తరువాత బడిలోనివారు మన ఊళ్ళోనూ అంతేగదా అనుకున్నారు. సారా దుకాణం ముందు నిలిచి అడ్డుకున్నారు. వర్ధినేని రోశమ్మగారి పేరు ఆ ఉద్యమంతో ముడిపడిపోయింది. 1992లో అది జిల్లా అంతటా, తరువాత రాష్ట్రమంతటా ప్రాకింది. సారాపాటలు ఆగిపోయాయి. 1993 అక్టోబరు 1నుంచి ప్రభుత్వం రాష్ట్రమంతటా సారాను నిషేధించింది. తరువాత వచ్చిన సంపూర్ణ మద్యనిషేధం నిలువలేదన్నది వేరే కథ.

ఒక వాచకంలోని ఒక్క పాఠం ఇంత పని చేసిన ఉదాహరణ నాకు మరొకటి తెలియదు. మూడు తరాలుగా పాఠాలు చెప్పుకొని బ్రతికిన కుటుంబంనుంచి వచ్చినదాన్ని గనుక ఈ సంగతిలో నాకు కొంత గర్వమున్నదని దాచుకోను. అయితే జాగ్రత్తగా చూస్తే అక్కడ పనిచేసినది పాఠం ఒక్కటే కాదు. ఒక్కొక్కరుగా తమ ఇళ్ళలో తన్నులు తింటూ వున్నప్పుడు ప్రతి ఒక్కరూ తన ఖర్మ అనుకున్నారు. పదిమంది ఒకే లాంతరు చుట్టూ కూర్చొన్న తరువాత, ఇది నా ఒక్కదాని ఖర్మ కాదు, దుకాణం వేలంపాట పెట్టేవారికి ఆదాయం కూడా అని తెలిసింది. భర్త ముందు తలెత్తలేని స్త్రీ ఎక్సైజు జీపు ముందు నిలబడగలిగింది.

ఇదంతా మన దేశపు వెనుకబాటుతనమని, ఇక్కడ అమెరికాలో మొదటినుంచీ స్వేచ్ఛేనని ఎవరైనా అనుకుంటే, క్యారీకి కూతవేటు దూరంలోని రాలీలో కూర్చొన్న నార్త్ కెరొలైనా సుప్రీం కోర్టు పాత తీర్పులు చూడాలి. 1868లో రోడ్స్ అనేవాడు భార్యను బెత్తంతో మూడుసార్లు కొట్టాడు. బెత్తం అతని బొటనవ్రేలికన్న సన్నముగా వున్నదని క్రింది కోర్టు వదిలిపెట్టింది. పై కోర్టు ఆ బొటనవ్రేలి కొలతను ఒప్పుకోకపోయినా, కుటుంబ పరిపాలనలో కోర్టు జోక్యం చేసుకోరాదని అతనిని వదిలిపెట్టడాన్నే ఖాయం చేసింది. కుటుంబ పరిపాలన! మన ‘ఏలుకొనుట’కు ఇంతకన్న దగ్గరి మాట ఇంగ్లీషులో వుంటుందా? 1874లో ఆలివర్ కేసు వచ్చింది. అతడు త్రాగి ప్రొద్దున ఇంటికి వచ్చి, మాంసంలో పురుగులున్నాయని కాఫీ గిన్నె విసరివేసి, రెండు బరికెలు కోసుకొనివచ్చి భార్యను కొట్టాడు. పది డాలర్ల జరిమానా పడింది. భార్యను కొట్టే హక్కు భర్తకు ఈ రాష్ట్రంలో లేదని కోర్టు స్పష్టంగా చెప్పడం ఆ తీర్పులోని గొప్ప. కాని శాశ్వతమైన గాయం లేకపోతే తెర దించివేసి, ఆలుమగలను క్షమించుకొని మరచిపోనివ్వడమే మేలని కూడా ఆ తీర్పులోనే చెప్పింది. నూటతొమ్మిదేళ్ళ తరువాత ఢిల్లీ న్యాయమూర్తి గాజుసామానులను గురించి చెప్పినదీ ఆ తెర మాటే.

ఆస్తి సంగతీ అంతే. నార్త్ కెరొలైనాలో భార్యాభర్తలు ఇద్దరి పేరా కొన్న ఇల్లు అద్దెకిస్తే, ఆ అద్దెమీద, ఆ ఇంటి పెత్తనంమీద పూర్తి అధికారం భర్తదే; 1983 జనవరి 1న కొత్త చట్టం వచ్చేదాకా ఇదే నియమం. చౌదరిగారు తీర్పు వ్రాసినదీ ఆ సంవత్సరమే. స్త్రీలకు ఓటుహక్కు ఇచ్చిన పంతొమ్మిదవ సవరణను ఈ రాష్ట్రం లాంఛనంగా ఆమోదించినది 1971లో. భర్త చేసిన బలాత్కారం నేరం కాదనే మినహాయింపును పూర్తిగా తొలగించినది 1993లో. నా భార్య మనసు విరిచాడని మూడవ మనిషిమీద నష్టపరిహారానికి దావా వేసే వీలు నేటికీ మిగిలివున్న కొద్ది రాష్ట్రాలలో మనది ఒకటి. మనసు కూడా ఇంట్లోని బిందెలాగా దొంగలెత్తుకొనిపోయే వస్తువని వారి లెక్క కాబోలు.

మన ఊరివారికి కూడా ఇందులో ఒక పాత్ర వున్నది. క్యారీలో 1855లో పుట్టిన వాల్టర్ హైన్స్ పేజ్, తరువాత ఇంగ్లండులో అమెరికా రాయబారి అయినవాడు, 1897లో గ్రీన్స్‌బరోలోని స్త్రీల శిక్షణ కళాశాలలో ప్రసంగిస్తూ, రాష్ట్రం మరచిపోయిన పేదరైతుతోబాటు అతనికన్న ఎక్కువగా మరచిపోయిన అతని భార్యను గురించి మాట్లాడాడు. ఆమెకు కావలసినది బడి అన్నాడు. పదేళ్ళకు, 1907లో, ప్రభుత్వ ధనంతో నడిచే హైస్కూలు రాష్ట్రంలో మొట్టమొదట వచ్చినది క్యారీలోనే.

ఇక నేటి మన సంగతి. ఇక్కడి తెలుగు ఇళ్ళలో బెత్తాలు, సారాదుకాణాలు లేవు. పెద్ద చదువులు, పెద్ద ఉద్యోగాలు వున్నాయి. అయితే హెచ్-1 వీసామీద వచ్చినవారి భార్యకు, కొన్నిచోట్ల భర్తకు, ఇచ్చే హెచ్-4 వీసాలో పని చేసే హక్కు లేదు. పని హక్కు లేకపోతే సోషల్ సెక్యూరిటీ నంబరు రాదు. అది లేకపోతే తన పేర అప్పు పుట్టడం, అద్దె ఇల్లు దొరకడం అన్నీ కష్టమే. 2015 మే 26నుంచి, గ్రీన్‌కార్డు త్రోవలో కొంతదూరం వచ్చినవారి జీవితభాగస్వాములకు పని అనుమతి ఇవ్వడం మొదలుపెట్టారు. దానిపై వేసిన దావాను 2024 ఆగస్టులో వాషింగ్టన్ అప్పీలు కోర్టు త్రోసిపుచ్చింది. ఆ అనుమతి అయినా భర్త కాగితాలకు వ్రేలాడేదే. విడాకులైతే హెచ్-4 స్థితి కూడా పోతుంది.

నా సాయంకాలపు తెలుగు తరగతిలో ఒక పిల్లవాడు ‘డిపెండెంట్’ను తెలుగులో ఏమంటారని అడిగాడు, ఇంట్లో ఏదో కాగితంమీద చూసాడట. ఆధారపడినవారు అని నేను చెప్పేలోగా, వెనుక బల్లమీద కూర్చొన్న వాడి తల్లి, ఇంజనీరింగు చదివిన అమ్మాయి, ‘పరతంత్రురాలు’ అని నవ్వుతూ అన్నది. తరగతి ఫీజు నెలకా మూడు నెలలకా ఎట్లా కడతారమ్మా అంటే, మావారిని అడిగి చెబుతానండీ అనే తల్లులు నా దగ్గర చాలామందే వున్నారు. వారి భర్తలు చెడ్డవారని నేను అనను. చాలామంది మంచివారు. మంచివాడి అనుమతి కూడా అనుమతే.

ఇక సరిపడని ఇళ్ళున్నప్పుడు మనవారు చెప్పే సలహా ఒకటే: ‘సర్దుకుపో’. ఈ మాట ఎవరికి చెబుతున్నామో కాస్త గమనించండి. పదింట తొమ్మిదిసార్లు అమ్మాయికే చెబుతాము. పెద్దలు ఇక్కడికి ఫోను చేసి చెబుతారు, స్నేహితులు వారాంతపు భోజనాలలో చెబుతారు, గుడిలో కనిపించినవారు చెబుతారు. డిక్రీ లేదు, జప్తు లేదు. 9వ సెక్షను అమలవుతూనే వుంటుంది. దుర్గాబాయమ్మగారికి తెరిచివున్న పుట్టింటి తలుపు ఇక్కడివారికి ఎనిమిదివేల మైళ్ళ దూరంలో వున్నది. ఆ తలుపు దగ్గర నిలబడే పని చుట్టుప్రక్కలవారిమీద పడుతుంది.

ఆ పని ఎత్తుకున్నవారు లేకపోలేదు. 1985లో న్యూజెర్సీలో ‘మానవి’ అనే సంస్థ మన ఉపఖండపు స్త్రీలకోసం మొదలైంది. మన ప్రాంతంలో 1999నుంచి ‘కిరణ్’ పనిచేస్తున్నది. నార్త్ కెరొలైనా గృహహింస చట్టం 1979నాటిది. రక్షణ ఉత్తరువు కోరడానికి ఏ వీసా అన్న ప్రశ్న లేదు. హెచ్-4మీద వుండి భర్తచేత హింసకు గురైనవారు తమంతట తాము పని అనుమతి కోరవచ్చునని 2005నాటి చట్టసవరణలోనే వున్నది. ఈ చివరి సంగతి నేను అడిగిన పదిమంది తల్లులలో ఒక్కరికి కూడా తెలియదు.

కాబట్టి సంపాదకవర్గంవారికి ఒక విన్నపం. ఈ సంచిక చివర ఇళ్ళ ఏజెంట్లు, నగల దుకాణాలు, కేటరింగువారి ప్రకటనలు చాలా వస్తాయి. అవి రావలసిందే, వాటితోనే పండుగ జరుగుతుంది. వాటి మధ్య ఒక అరపేజీ కేటాయించి, పైన చెప్పిన చట్టాల సంగతి, తన పాస్‌పోర్టు, ఐ-94, వివాహ ధ్రువపత్రం నకళ్ళు తన దగ్గరే వుంచుకోవాలన్న సంగతి, తన పేర బ్యాంకు ఖాతా ఎట్లా తెరవాలన్న సంగతి తెలుగులో పెద్ద అక్షరాలతో వేయించండి. ప్రూఫులు నేను దిద్దిపెడతాను.